మందబయల్లో అరవై మూడో నంబరు

మా మామ నా ఇంటి స్థలం మీద హైకోర్టుకి వెళ్లాడన్న సంగతి నాకు నూట పదకొండు మంది ఆడవాళ్ల ముందు తెలిసింది. ఆయనా నేనూ ఒకే ఇంట్లో ఉంటాం, ఒకే పొయ్యి మీద వండింది తింటాం. అయినా ఆ కబురు నాకు వీఆర్వో నోటినుంచి వినాల్సి వచ్చింది.

అప్పటికి లాటరీ తీసి పదిహేను రోజులైంది. ఊరికి ఉత్తరాన ఉన్న మందబయల్లో, అంటే ఊరి గొర్రెలూ పశువులూ నిలవడానికని ఎప్పుడో సర్కారు కాగితాల్లో రాసిపెట్టిన మూడెకరాల్లో, ఇళ్లు లేని వాళ్లకు తలా సెంటున్నర ఇచ్చారు. పట్టాలన్నీ ఆడవాళ్ల పేరు మీదే. నాకు అరవై మూడో నంబరు వచ్చింది. నా ఫొటో, నా పేరు, కింద ఎమ్మార్వో సంతకం. పెళ్లప్పుడు నా పేరు శుభలేఖ మీద పడింది, ఆ తర్వాత ఏ కాగితం మీదా పడినట్టు గుర్తులేదు.

ఆ సెంటున్నర నాకెందుకంత ముఖ్యమో చెప్పాలి. మాది ఒకే గది, ముందు రేకుల వసారా. వానాకాలం వస్తే ఈనిన గొర్రెలూ పిల్లలూ గదిలోకి వస్తాయి. మామకి అదేం తప్పుగా అనిపించదు. మా పెద్దమ్మాయి జ్యోతి పదో తరగతి పరీక్షలకు గొర్రెపిల్లల మధ్యే చదివింది. బళ్లో పక్కన కూర్చున్న పిల్ల ముక్కు మూసుకుని వేరే బెంచీకి పోయిందని చెప్పి ఏడిస్తే, నేను వెళ్లి ఆ పిల్లను తిట్టి వచ్చాను గానీ, వాసన మాత్రం నిజమే కదా. గొర్రె అడుగుపెట్టని గది ఒకటి నాకు కావాలి. అంతకుమించి నేనేమీ అడగలేదు.

ఆ రోజు స్థలాల హద్దులు చూపిస్తారంటే అందరం టెంటు కింద చేరాం. వీఆర్వో కొలతల టేపు తేలేదు. సెల్లులో ఏదో చూసుకుంటూ పనులు ఆపమని కోర్టు ఆర్డరు వచ్చిందన్నాడు. ఎవడు వేశాడని మరియమ్మ అడిగింది. మరియమ్మకి యాభై ఏళ్లు, మిరపకాయ కోతలకు ముఠా మేస్త్రీ, ఆమె అడిగితే కలెక్టరైనా చెప్పాల్సిందే. వీఆర్వో నావైపు చూడకుండా చదివాడు.

"పిటిషనరు పోలబోయిన అంకయ్య, తండ్రి చినవెంకయ్య, వృత్తి గొర్రెల పెంపకం."

నూట పదకొండు తలలు నావైపు తిరిగాయి.

"ఏంది తిరపతమ్మా, నీకు తెలీకుండానే వేశాడా?" అంది మరియమ్మ.

"నాకు తెలీదక్కా. నా పట్టా కూడా పోయేదే గదా."

"నీ పట్టా ఎట్టా పోయిద్ది? మీరూ మీరూ ఒకటి. మా అందరివీ కొట్టేయించి, రేపు నీకొక్కదానికే ఇప్పించుకుంటారు. ఒక పొయ్యి మీద వండుకునేవోళ్ళు చెప్పుకోకుండా ఉంటారా?"

నేనేం చెప్పినా అది సాకులాగే వినపడింది. నా పక్కన కూర్చున్న ఖాశింబీ, నన్ను వరస పెట్టి అక్కా అని పిలిచే మనిషి, చాప కొంచెం అవతలికి జరుపుకుంది.

ఇంటికి నడుస్తున్నంతసేపూ నా కోపమంతా శేషగిరి మీదే. శేషగిరికి మందబయలును ఆనుకునే ఎనిమిదెకరాలుంది. అందులో తెల్లరాళ్లు పాతి, ముందు ఒక ఆర్చి కట్టి వెంచరు వేశాడు. పక్కన మాలాంటి వాళ్ల కాలనీ లేస్తే ఆయన ప్లాట్లకి బేరం రాదు. తన పేరుతో కోర్టుకి పోతే సంగతేమిటో జడ్జిగారికి ఇట్టే తెలిసిపోతుంది కాబట్టి, ఒక గొర్రెల కాపరిని ముందు పెట్టాడు. మా మామకి చదువు రాదు. ఏదో రోడ్డు అర్జీ అనో నీళ్ల తొట్టి అర్జీ అనో చెప్పి వేలిముద్ర వేయించి ఉంటాడు. ముసలాయన్ని అడ్డం పెట్టుకున్న ఆ పెద్దమనిషిని ఇంటికెళ్లి ఎన్ని మాటలనాలో వరసగా పేర్చుకుంటూ నడిచాను.

మామ వాకిట్లో ఒక గొర్రెను వెల్లకిలా తిప్పి మోకాళ్ల మధ్య పెట్టుకుని కత్తితో గిట్టలు చెక్కుతున్నాడు.

"మామా, శేషగిరి నీచేత వేలిముద్ర వేయించుకున్నాడా?"

"వేలిముద్ర ఎందుకు, సంతకమే పెట్టా. రాత్రిబడిలో నేర్చుకున్నా గదా."

"అందులో ఏం రాశారో చెప్పాడా?"

"లాయరు చదివాడు. నేను రెండుసార్లు చదివించుకున్నా."

"స్థలాలొచ్చినోళ్ళల్లో నేనున్నానని తెలుసా?"

"అరవై మూడు," అన్నాడు ఆయన, గిట్ట వదలకుండా.

శేషగిరిని తిట్టడానికి సిద్ధపడి వచ్చినదాన్ని, ఎదురుగా ఉన్నది శేషగిరి కాదు. ఇంకో గిట్ట పట్టుకుని ఆయనే మళ్లీ అన్నాడు.

"నీకు ఇక్కడ కాకపోతే ఇంకోచోట ఇస్తారు. ఓట్లున్నోళ్ళకి ఇయ్యకుండా యాడికి పోతారు? వీటికి ఎవడిస్తాడు? కొండ చుట్టూ ఫారెస్టోళ్ళు కందకం తవ్వారు. చెరువు లోపల పొలాలు పడ్డాయి. ఇంక మిగిలింది ఆ మూడెకరాలే. నేను సంతకం పెట్టకపోతే ఎవురు పెడతారు?"

"అయితే నేనూ నీ మనవరాళ్ళూ ఇదే గదిలో వీటితో పడుండాలా?"

"నేను యాభై ఏళ్ళు పడుండలా?"

ఆయన మాటలో నిజముంది. అబద్ధమాడేవాడితో పోట్లాడ్డం తేలిక. ఆ రోజు కంచం ఆయన ముందు ఎంత గట్టిగా పెట్టానంటే పులుసు అంచు దాటి నేల మీద పడింది. ఆయన నేల తుడిచి తిన్నాడు.

ఆ తర్వాత నెల రోజులు ఇంట్లో, వీధిలో నాకు దక్కిన మర్యాద ఎవరికీ వద్దు. కుళాయి దగ్గర నా బిందె వంతు వచ్చేసరికి నలుగురు మధ్యలో దూరేవాళ్లు. మరియమ్మ ముఠాలో పనికి వెళ్తే, మనుషులు నిండిపోయారు పొమ్మనేది. ఎవరో జ్యోతితో, మీ తాత గొర్రెల్ని చదివించుకుంటాడు, నిన్నెందుకు చదివిస్తాడని అన్నారట. మా ఆయన గురవయ్య ఆటో తోలుతాడు. ఆయన చేసిందల్లా పొద్దున్నే వెళ్లి చీకటి పడ్డాక రావడం. అటు తండ్రితో అనలేడు, ఇటు నాతో అనలేడు, ఆటోతో ఏం మాట్లాడేవాడో మరి.

ఆడవాళ్ల తరపున కేసులో చేరి కొట్లాడాలని, అందుకు పదిమంది సంతకాలు కావాలని సత్తెనపల్లి లాయరు చెప్పాడని తెలిసి నేనే మరియమ్మ ఇంటికి వెళ్లాను. మొదటి సంతకం నాదే పెడతానన్నాను. మరియమ్మ నన్ను కిందినుంచి పైదాకా చూసింది.

"మీ మామ మీద పెడతావా?"

"ఆయన నా మీద పెట్టలా?"

ఆమె పీట వేసింది. నెలరోజుల తర్వాత ఆ ఊళ్లో నాకు వేసిన మొదటి పీట అది. ఇంటికొచ్చి చెబితే గురవయ్య అన్నం ముందునుంచి లేచిపోయాడు. మామ మాత్రం విని, ఏ లాయరని అడిగాడు.

ఇక్కడ మా మామ ఒక పని చేశాడు. గొర్రెల కాపరి తప్ప ఇంకెవరూ చేయని పని. ఏటా కాలవ కింద కోతలైపోగానే అక్కడి రైతులు మందలను పిలుస్తారు. చేలల్లో మందను కట్టిస్తే ఎరువు అవుతుంది, బదులుగా వడ్లు కొలుస్తారు, గొర్రెలకు కోసిన వరి మోళ్ల మేత దొరుకుతుంది. చైత్రం వెళ్లగానే మామ మూట కట్టుకుని తొంభై గొర్రెల్ని తోలుకుని బయల్దేరాడు. మందబయల్లోనే నా గొర్రెలు బతుకుతాయని కోర్టులో చెప్పి, ఆ ఎండాకాలమే మందబయలు ఖాళీ చేసి పోయాడు.

ఆ కబురు విని శేషగిరి కారేసుకుని వచ్చి మా వాకిట్లో నిలబడి అరిచాడు. ఆ మనిషికి బుర్రుందా, కేసు నడిచేటప్పుడు మంద ఇక్కడుండాలని తెలీదా, లాయరు దగ్గరికి తను ఏ మొహం పెట్టుకుని పోవాలని. ఎండకి ఆయన బట్టతల ఎర్రబడింది. నేను నీళ్లు కూడా ఇవ్వలేదు. గొర్రెలకు మీ కేసు సంగతి చెప్పడం మర్చిపోయినట్టున్నాడు, ఈసారి వచ్చినప్పుడు చెబుతానన్నాను. ఆ ఎండాకాలం మొత్తంలో నేను సంతోషంగా ఉన్నది ఆ పది నిమిషాలే.

రోహిణి కార్తెలో కోర్టువారు ఒక కమిషనర్ని పంపుతున్నారని కాగితం వచ్చింది. మందబయలు నిజంగా గొర్రెలు నిలిచే చోటా కాదా, కళ్లతో చూసి, మనుషుల్ని అడిగి రాసుకుని పోతారట. సర్కారువాళ్లు అది ఎన్నో ఏళ్లుగా వాడకంలో లేని బీడని రాసిచ్చారు. బీడో కాదో మాకందరికీ తెలుసు. అక్కడ ఏ తుమ్మచెట్టు కింద చూసినా పెంటికలే. మంద వెళ్లి నెలైనా ఎండిపోయి అట్టాగే ఉన్నాయి.

కమిషనరు వచ్చే ముందు రెండు రోజులు తెల్లవారుజామునే నూట పన్నెండు మందిమీ చీపుర్లతో దిగాం. మిగిలినవాళ్లకు ఎక్కడ ఊడవాలో తెలీదు. చూపించింది నేనే. గొర్రెలు మధ్యాహ్నం ఏ నీడకు చేరతాయో, సాయంత్రం ఏ గట్టు పక్కన పడుకుంటాయో, ఈనే గొర్రెల్ని మామ ఎక్కడ విడిగా కట్టేస్తాడో నాకు తెలిసినంత ఇంకెవరికి తెలుసు? గంపలకెత్తిన పెంటికలన్నీ తీసుకెళ్లి శేషగిరి వెంచర్లో కొత్తగా నాటిన కొబ్బరి మొక్కల మొదట్లో పోశాం. మరియమ్మ నవ్వి నవ్వి కూలబడింది. గొర్రెలు నీళ్లు తాగే రాతి తొట్టిని పలుగులు పెట్టి పదిమందిమీ బోర్లించాం. అది కూర్చోడానికి వేసిన బండలా తయారైంది.

ఆ తొట్టిలోకి నేను పెళ్లైన మొదటి ఏడాదంతా బావినుంచి నీళ్లు మోశాను. ఇప్పుడు దాని వీపు మీద కూర్చుని చెమట తుడుచుకున్నాను. సిగ్గేసిందా అంటే వేసింది. అయినా లేవలేదు.

కమిషనరంటే పెద్ద వయసు మనిషి అనుకున్నాం. కారులోంచి దిగింది ముప్పై ఏళ్ల లాయరమ్మ. నల్లకోటు చేతి మీద వేసుకుంది, ఇంకో చేతిలో గొడుగు. శేషగిరి, ఆయన లాయరు ఒకవైపు, ఎమ్మార్వో ఆఫీసు వాళ్లు ఒకవైపు, మేము ఒకవైపు. ఆమె నేలంతా తిరిగి ఫొటోలు తీసుకుంది. పెంటికలేవీ కనపడలేదు. శేషగిరి మొహం మాడిపోయింది.

అప్పుడు గంటల చప్పుడు వినపడింది. మామ వస్తున్నాడు. కాలవ దగ్గర్నుంచి రెండు రోజులు నడిపించుకొచ్చాడు ఆ మందను. ఆయన పెదాలు పగిలి ఉన్నాయి, కాళ్లు మోకాళ్ల దాకా దుమ్ము. గొర్రెలు మందబయల్లో కాలు పెట్టగానే ఎవరూ అదిలించకుండానే తుమ్మచెట్ల కిందికి వెళ్లి, ఒకదాని పొట్ట కింద ఒకటి తలలు దూర్చి గుండ్రంగా నిలబడిపోయాయి. ఎప్పుడూ నిలబడే చోటే. కొత్తచోటైతే అవి అట్టా నిలబడవు, బెదిరి చెదిరిపోతాయి. గొర్రెను ఎరిగిన వాళ్లకి ఇంక వేరే సాక్ష్యం అక్కర్లేదు. లాయరమ్మకి మాత్రం అవి ఎండకి చేరిన గొర్రెలు, అంతే.

ఆమె రాతి తొట్టి దగ్గరికి వచ్చి, పేర్ల కాగితం చూస్తూ మొదటి సంతకం ఎవరిదని అడిగింది. నేను లేచాను.

"ఈ గొర్రెలు ఇక్కడ ఎప్పట్నుంచి ఉంటున్నాయండి?"

"ఇప్పుడే వచ్చినయ్యమ్మా. మీరూ చూశారు గదా."

"అంతకు ముందు?"

మామ పది అడుగుల దూరంలో కర్ర మీద గడ్డం ఆనించుకుని నిలబడి ఉన్నాడు. నేను ఆయన వైపు చూడలేదు.

"నేను ఈ ఊరొచ్చి పదిహేడేళ్ళమ్మా. ఇక్కడ గొర్రె నిలబడంగా చూళ్ళేదు."

ఆమె రాసుకుంది. నా వెనకున్న ఆడవాళ్లు అవునవునన్నారు. అంతలో మందలోంచి ఒక గొర్రె విడిపోయి వచ్చి నా చీర కుచ్చెళ్లలో మూతి పెట్టింది. పోయినేడు తల్లి చచ్చిపోతే నేను సీసాతో పాలు పట్టి పెంచిన గొర్రె. నేను వెనక్కి జరిగాను. అది ముందుకొచ్చి నా వేళ్లు చీకడం మొదలుపెట్టింది. తోసేయడానికి చెయ్యి రాలేదు, నిమరడానికి వీల్లేదు. అట్టాగే నిలబడ్డాను.

లాయరమ్మ రాయడం ఆపింది. గొర్రెను చూసింది, నన్ను చూసింది, కాగితంలోకి చూసింది. మామ వైపు తిరిగింది.

"మీ ఇంటిపేరు పోలబోయిన కదా. ఈవిడదీ అదే. ఈవిడ మీకేమవుతుంది?"

ఊళ్లో ఎవరినడిగినా చెబుతారు. శేషగిరికి తెలుసు. ఆయన నోరు తెరవబోతే, ఆయన లాయరు, పిటిషనరునే చెప్పనివ్వండని ఆపాడు. వాళ్లిద్దరి మొహాలూ వెలిగాయి. మా కోడలు, నా ఇంట్లోనే ఉంటది, ఈ గొర్రెను పెంచింది ఈమేనని మామ ఒక్కమాటంటే చాలు. నా మాటే కాదు, నా వెనకున్న అందరి మాటా అబద్ధమైపోతుంది. మా నూట పన్నెండు కాగితాలూ చిత్తుకాగితాలే.

మామ వచ్చి నా చేతినుంచి గొర్రె మూతిని విడదీశాడు. దాన్ని చెవి పట్టుకుని పక్కకి లాగాడు.

"ఏమీ కాదమ్మా," అన్నాడు. "మా పేటలో సగంమంది పోలబోయినోళ్ళే. ఇది తవుడు వాసనకి ఎవురి దగ్గరికైనా పోయిద్ది."

శేషగిరి కేకలు వేశాడు, ఆవిడ వాళ్ల కోడలేనండీ అని. లాయరమ్మ ఆయన వైపు తిరిగి, మీరు ఈ కేసులో ఎవరండీ అని అడిగింది. ఆమె మామ చెప్పింది చెప్పినట్టు రాసుకుని కింద సంతకం పెట్టించుకుంది. మామ కర్ర చంకలో పెట్టుకుని, ఒక్కో అక్షరం దిద్దినట్టు రాశాడు.

శ్రావణంలో తీర్పొచ్చింది. ఆ నేల మేతకు వాడుతున్నట్టు ఆనవాలు లేదని, పట్టాలు చెల్లుతాయని. మరియమ్మ వాళ్లు టపాకాయలు కాల్చారు. ఇప్పుడు నాకు రెండు గదుల ఇల్లుంది, తలుపు మీద నా పేరుంది. జ్యోతి నర్సింగు చదువుతోంది. ఆ ఇంట్లోకి గొర్రె రాలేదు, గొర్రెలాయనా రాలేదు. ఆయన ఎందుకు రాలేదో కమిషనరు వచ్చిపోయిన ఆ సాయంత్రమే నాకు తెలిసిపోయింది.

ఆ సాయంత్రం నేను జొన్నసంకటి కలిపి, ఆయనకిష్టమని గోంగూర పచ్చడి నూరాను. రెండు నెలల తర్వాత కంచం చప్పుడు కాకుండా పెట్టాను. గురవయ్య గుమ్మంలో కూర్చుని ఉన్నాడు. మామ వసారాలో మూట విప్పి, కాలవ దగ్గర వండుకునే సత్తు గిన్నె బయటికి తీసి తోముకుంటున్నాడు.

"మామా, తిందువు రా," అన్నాను.

ఆయన రాలేదు. మూడు రాళ్లు పేర్చి వాకిట్లోనే పొయ్యి ముట్టించుకున్నాడు.

"నా మీద కోపముంటే తిట్టు. కూటి మీద చూపించబాక."

"కోపం కాదు."

"మరేంది?"

"నా జన్మలో నేను అబద్ధమాడలా. కోర్టుకి సంతకం పెట్టి చెప్పా, నువ్వు నాకేమీ కావని. ఇంటికొచ్చి నీ చేతి కూడు తింటే ఆ మాట అబద్ధమైపోయిద్ది."

నాకు ఏడుపొచ్చింది. ఏడవలేదు. గురవయ్య లేచి తండ్రి దగ్గరికి వెళ్లి, నాన్నా, ఊరుకో నాన్నా అన్నాడు. మామ గిన్నెలో పిండి పోసి కలుపుతూ నావైపు చూశాడు. ఆ చూపులో తిట్టు లేదు. ఉంటే బాగుండేది.

"నువ్వు చెప్పింది కూడా అబద్ధం కానీయను లేమ్మా," అన్నాడు. "ఆడ ఇంక గొర్రె నిలబడదు."

తెల్లారి నేను లేచేసరికి వాకిలి ఖాళీగా ఉంది. ఆ సీసాపాల గొర్రెను కూడా తోలుకుపోయాడు. ఇప్పటికీ కాలవ కిందే ఉంటాడు. గురవయ్య నెలకోసారి వెళ్లి చూసొస్తాడు. నేను ప్రతిసారీ క్యారేజీ కట్టి పంపుతాను, అది ప్రతిసారీ నిండుగానే తిరిగొస్తుంది.